పెద్దాయన చెప్పాడు కదా అని... నిపుణుల సలహాను నమ్మే ముందు సరిచూసుకోవడం ఎలా?

నెలకు ముగ్గురు నలుగురైనా నన్ను ఇదే అడుగుతారు. ఒకరికి గుంటలో రొయ్య తేలుతోంది, ఒకరికి బోరు పాయింటు ఎవరి చేత పెట్టించాలో తెలియదు, ఇంకొకరికి అమ్మకు ఆపరేషన్ అన్నారు, చేయించాలా వద్దా అని టెన్షన్. విషయాలు వేరే అయినా లోపలి అనుమానం ఒకటే: “ఆయన పెద్ద చదువు చదివినాయన, చెప్పింది నమ్మేయాలా?” ఒక్కొక్కరికి విడిగా రాసి రాసి చేతులు పడిపోయాయి. అందుకే అంతా ఒకచోట పెడుతున్నా.

నేను డాక్టర్ని కాను, సైంటిస్టునీ కాను. కావలి పక్కన రెండు రొయ్యల గుంటలు, కనిగిరి వైపు మా మేనమామతో కలిసి కాస్త మెట్ట భూమి ఉన్నాయి. నిపుణుల మాట విని బాగుపడ్డాను, విని మునిగాను, వినక కూడా మునిగాను. ఈ మూడోది మాత్రం ఎవరూ బయటికి చెప్పుకోరు.

మొదలుపెట్టే ముందు ఒక హెచ్చరిక. కింద రాసింది ఆలోచించుకునే టైము ఉన్న పనులకే. పాము కరిచినా, గుండెల్లో నొప్పి వచ్చినా, మూతి వంకరపోయి చెయ్యి పడిపోయినా ఈ నోటుబుక్కులు, రెండో అభిప్రాయాలు ఏమీ వద్దు. 108కి ఫోన్ చేసి పెద్దాసుపత్రికి వెళ్ళిపోండి. పాము విషానికి విరుగుడు ఇంజెక్షనే. పసరు, మంత్రం అంటూ పోగొట్టుకునే గంట మళ్ళీ రాదు.

కావాల్సినవి:

- ఒక నోటుబుక్కు, పెన్ను. ఫోన్లోనూ రాసుకోవచ్చు కానీ నాకు ఇష్టం లేదు. ఫోన్లో రాసింది తర్వాత మనకు తెలియకుండానే దిద్దేస్తాం, పెన్నుతో రాసింది కొట్టేస్తే కొట్టేసినట్టు కనపడుతుంది.
- మీ విషయానికి సంబంధించిన పాత కాగితాలన్నీ: రిపోర్టులు, బిల్లులు, మట్టి పరీక్ష, నీటి పరీక్ష.
- మీకంటే ముందు అదే పని చేసిన ముగ్గురు నలుగురు. బాగుపడినవాళ్ళే కాకుండా దెబ్బతిన్నవాళ్ళు కూడా ఉండాలి.
- ఒక పూట తీరిక.
- ఎదుటి మనిషి ఎంత పెద్దవాడైనా “అంటే ఏంది సార్, నాకు అర్థం కాలా” అనగలిగే నోరు. అన్నిటికన్నా కరువు దీనికే.

1. ప్రశ్నను ఒక్క వాక్యంలో రాసుకోండి

“రొయ్యల సాగు బాగుంటుందా?” అన్నది ప్రశ్న కాదు. “ఈ వేసవిలో ఎకరాకు ఇంత సీడు (రొయ్య పిల్లలు) వేస్తే నా నీళ్ళకు తట్టుకుంటుందా?” అన్నది ప్రశ్న. గాలిగా అడిగితే గాలి సమాధానమే వస్తుంది, అది నిజమైందో అబద్ధమైందో తర్వాత తేల్చుకోవడానికి కూడా ఉండదు.

రాశాక దాన్ని ఒకసారి చూడండి. అది వెంటనే ఫలితం తెలిసే రకమా, ఏళ్ళ తరబడి తెలియని రకమా? ఈ గైడులో నేను చెప్పే థియరీ మొత్తం ఇంతే, ఇది తెలిస్తే మిగతా సగం పని అయిపోయినట్టే. డానియల్ కానమన్, గ్యారీ క్లైన్ అని ఇద్దరు సైకాలజిస్టులు. నిపుణుల అంతర్బుద్ధిని, అంటే చూడగానే లోపల తట్టే మాటను, నమ్మాలని క్లైన్, నమ్మకూడదని కానమన్. వాదించుకుని వాదించుకుని 2009లో ఇద్దరూ కలిసి ఒక పేపర్ రాశారు. తేలిందేమిటంటే, పని ఒక పద్ధతిలో నడిచేదై ఉండాలి, తన మాట తప్పో ఒప్పో ఆ మనిషికి మళ్ళీ మళ్ళీ తెలుస్తూ ఉండాలి. ఈ రెండూ ఉన్నచోటే అనుభవం నిజమైన నేర్పు అవుతుంది. లేనిచోట ముప్పై ఏళ్ళ అనుభవం వల్ల పెరిగేది ధీమా ఒక్కటే.

2023 డిసెంబరులో మిచాంగ్ తుపాను గుర్తుందా? నెల్లూరు, మచిలీపట్నం మధ్య తీరం దాటుతుందని వాతావరణ శాఖ ముందే చెప్పింది, 5వ తేదీన బాపట్ల దగ్గర దాటింది. వాళ్ళు రోజూ అంచనా వేస్తారు, మర్నాటికి తప్పో ఒప్పో తేలిపోతుంది, అందుకే చేతికి తర్ఫీదు వచ్చింది. గుంటల మీద షెడ్డు రేకులు ఎగిరిపోకముందే దింపుకున్నవాళ్ళు ఆ మాట విన్నవాళ్ళే. అదే వచ్చే ఏడు పొగాకు ధర ఎంత, మిర్చి ధర ఎంత, ఎలక్షన్లో ఎవరు అని అడిగితే? అమెరికాలో ఫిలిప్ టెట్‌లాక్ అనే ప్రొఫెసర్ 284 మంది రాజకీయ, ఆర్థిక నిపుణుల అంచనాలను దాదాపు ఇరవై ఏళ్ళు రాసిపెట్టి లెక్క చూశాడు. ఊరికే గాల్లో రాయి వేసినదానికంటే పెద్ద తేడా లేదు, పైగా టీవీల్లో ఎక్కువగా కనపడేవాళ్ళ లెక్క ఇంకొంచెం అన్యాయం.

కాబట్టి ప్రశ్న పక్కన “రోజువారీ” అనో, “దూరం” అనో రాయండి. విరిగిన చెయ్యి సరిచేసే డాక్టరు, ఇంజను శబ్దం విని లోపం చెప్పే మెకానిక్కు, వల విసిరే ముందు నీటి రంగు చూసే జాలరి, వీళ్ళంతా రోజువారీ. పదేళ్ళ తర్వాత భూమి రేటు చెప్పేవాళ్ళు దూరం. దూరం రకంలో ఎవరు చెప్పినా సగానికి సగం కొట్టేసి వినండి.

2. ఆయన దేనిలో నిపుణుడో చూడండి

ఇది పదినిమిషాల పని, కానీ ఎవరూ చేయరు. డాక్టరైతే నేషనల్ మెడికల్ కమిషన్ వెబ్‌సైటులో ఇండియన్ మెడికల్ రిజిస్టర్ ఉంటుంది, పేరు కొట్టి చూడొచ్చు. షేర్లలో పెట్టమని చెప్పేవాళ్ళకు సెబీ (షేర్ మార్కెట్ మీద అజమాయిషీ చేసే సంస్థ) రిజిస్ట్రేషన్ ఉండాలి. సలహాదారులకు ఐఎన్‌ఏ అని, రీసెర్చ్ అనలిస్టులకు ఐఎన్‌హెచ్ అని మొదలయ్యే నంబరు ఉంటుంది, అది సెబీ సైటులో వెతికితే దొరకాలి. అడిగితే కోప్పడితే అక్కడే లేచి వచ్చేయండి. పంటకైతే దర్శిలో, నెల్లూరులో కృషి విజ్ఞాన కేంద్రాలు ఉన్నాయి. అంతదూరం పోలేకపోతే కిసాన్ కాల్ సెంటర్‌కు 1800-180-1551 అని ఫోన్ చేసి తెలుగులోనే అడగొచ్చు.

ఇక్కడ జనం ఎక్కువగా చేసే తప్పు: రిజిస్ట్రేషన్ ఉంది కదా అని అన్నిటికీ ఆయన్నే అడగడం. గుండె డాక్టరు గుండె గురించి చెబితే నిపుణుడే. ఆయనే వీడియోలో మిల్లెట్ల గురించి, పిల్లల చదువు గురించి చెబుతున్నప్పుడు మనలాంటి మామూలు మనిషే, కాకపోతే తెల్ల కోటు వేసుకున్నాడు. మా వైపు రొయ్యలకు ‘డాక్టర్’ అని పిలిపించుకునేవాళ్ళు చాలామందే ఉన్నారు. కొందరు నిజంగా ఫిషరీస్ చదివినవాళ్ళు, కొందరు మందుల బ్యాగు మోసినవాళ్ళు. రెండో రకం పనికిరారని నేననను, పదేళ్ళు గుంటల గట్ల మీద తిరిగినవాడికి చాలా తెలుస్తుంది. ఎవరు ఏ రకమో మీకు తెలిసుంటే చాలు.

3. డబ్బు ఎటునుంచి వస్తుందో రాయండి

నోటుబుక్కులో ఆయన పేరు కింద ఒక గీత గీసి, “ఈయనకు డబ్బులు ఎవరిస్తారు?” అని రాసి సమాధానం నింపండి. నేను ఇస్తే ఎంత? ఇంకెవరైనా ఇస్తే దేనికి?

సలహా ఊరికే వచ్చిందంటే దాని ఖరీదు ఇంకో బిల్లులో ఉందని అర్థం. ఒక పంటలో నా గుంటలో రొయ్య నీరసంగా గట్టు పక్కకు వస్తుంటే మందుల షాపు తరఫున వచ్చిన కుర్రాడు చెక్ ట్రే (రొయ్య మేత తింటోందో లేదో చూసే పళ్ళెం) ఎత్తి చూసి, అయిదు రకాల డబ్బాలు రాసిచ్చాడు. ఫీజు రూపాయి తీసుకోలేదు. చాలా మర్యాదస్తుడు, నన్ను అన్నా అన్నా అని పిలిచాడు. ఆ అయిదిట్లో రెండు ఒకటే సరుకు, పేర్లు వేరు. అబద్ధం చెప్పాడని కూడా అనలేను, అతను నమ్మే చెప్పాడేమో. అమ్ముకునేవాడి కంటికి ప్రతి జబ్బూ తన డబ్బాకు సరిపోయేలాగే కనపడుతుంది.

ఇంకో హెచ్చరిక ఇక్కడే. తెల్లమచ్చ అనేది రొయ్యలకు వచ్చే వైరస్ జబ్బు, 1994, 95 ప్రాంతంలో టైగర్ రొయ్యను కుప్పకూల్చింది అదే. వైరస్‌కు యాంటీబయోటిక్ పనిచేయదు. ఎవరైనా గుట్టుగా యాంటీబయోటిక్ ఇస్తానంటే వద్దనండి. క్లోరాంఫెనికాల్, నైట్రోఫ్యూరాన్ లాంటివి రొయ్యల సాగులో నిషేధం, సరుకులో అవశేషం తేలితే విదేశాల్లో కంటైనరే ఆపేస్తారు. ముందు వైరస్ ఉందో లేదో తేల్చే పీసీఆర్ పరీక్ష చేయించండి, అది కూడా మందులు అమ్మని ల్యాబులో.

ఇంత చెప్పాను కదా అని డబ్బు తీసుకునే ప్రతివాడూ దొంగ అనుకోకండి. ఫీజు తీసుకుని సలహా చెప్పి, “నీకేమీ అవసరం లేదు, ఇంటికి పో” అనగలిగిన డాక్టరు దొరికితే ఆయన నంబరు దాచుకోండి.

4. ఊరి లెక్క తీయండి (దీనికి ఎక్కువ టైము పెట్టండి)

కనిగిరి, పామూరు, పొదిలి వైపు వాళ్ళకు బోరు బాధ చెప్పక్కర్లేదు. మా మామ మొదటి బోరు వేయించినప్పుడు కొబ్బరికాయతో నీళ్ళ పాయింటు చెప్పే ఆయన్ని పిలిపించాడు. చెప్పులు విడిచి, అరచేతిలో కాయను పడుకోబెట్టి, కంపచెట్ల మధ్య నెమ్మదిగా నడుచుకుంటూ పోయాడు. మేము ఊపిరి బిగబట్టి వెనకాలే నడిచాం. ఒకచోట కాయ మెల్లగా లేచి నిలబడింది. నిజంగా నిలబడింది, నేను చూశాను, ఒళ్ళు జలదరించింది. “మూడు ధారలు కలుస్తున్నాయి ఇక్కడ” అన్నాడాయన. మామ మొహం వెలిగిపోయింది. ఆ రాత్రి బోరు లారీ వచ్చింది. తెల్లారేదాకా తెల్ల దుమ్మే, అయిదువందల అడుగులు పోయినా మట్టి తడవలేదు. అడుగుకు ఇంత అని లెక్క కాబట్టి లారీ వాళ్ళకు దుమ్మయినా నీళ్ళయినా ఒకటే. రెండో పాయింటు కూడా దుమ్మే లేచింది. మూడోది జియాలజిస్టు (భూమి పొరల గురించి చదివినాయన) మిషనుతో పెట్టాడు, రెండు అంగుళాల నీళ్ళు పడ్డాయి, ఊరంతా చూడ్డానికొచ్చింది, రెండు వేసవులు దాటకుండానే ఎండిపోయింది.

నేను ఆయన్నొకసారి, ఈయన్నొకసారి తిట్టుకుని ఊరుకునేవాడిని. మామ మాత్రం కొబ్బరికాయ మనిషిని వదల్లేదు: “ఏం అల్లుడూ, ఆయన చెయ్యి పెట్టినచోట నూటికి తొంభై పడతాయి, మన రాత బాలేదంతే.” ఆ తొంభై ఎవరు లెక్కపెట్టారని అడిగితే జవాబు లేదు. సరే అని ఇద్దరం బండి మీద ఒక ఆదివారం మా చుట్టుపక్కల తిరిగి, గత పదేళ్ళలో వేసిన బోర్లన్నీ రాసుకున్నాం. మొత్తం 31 తేలాయి. నీళ్ళు పడినవి 19. కొబ్బరికాయ పాయింట్లు 12, పడినవి 7. జియాలజిస్టు పాయింట్లు 8, పడినవి 6. ఎవరినీ అడగకుండా సొంతంగా వేసుకున్నవి 11, పడినవి 6.

చూశారా, ఎవరిని అడిగినా అడక్కపోయినా మా దగ్గర సగం పైన బోర్లకు ఎలాగూ నీళ్ళు పడుతున్నాయి. అందుకే పన్నెండుకు ఏడు అన్నవాడి గొప్ప ఏమీ మిగల్లేదు. నిపుణుడి లెక్క అడిగేటప్పుడు, ఆయన లేకపోతే ఎంత వచ్చేదో కూడా అడగాలి. జ్వరానికి మందు వేసుకుంటే వారంలో తగ్గింది, వేసుకోకపోతే ఏడు రోజుల్లో తగ్గేది అన్న పాత ముచ్చట ఇదే.

అక్కడితో ఆపి ఉంటే జియాలజిస్టు గెలిచాడని రాసేసేవాడిని. తర్వాత ‘పడ్డాయి’ అంటే ఏమిటని ఆలోచించి, రెండు వేసవులు దాటి ఇంకా పోస్తున్నవి మాత్రమే మళ్ళీ లెక్కేశాం. కొబ్బరికాయవి 4, జియాలజిస్టువి 3, సొంతవి 4. తేడా కనపడకుండా పోయింది! ఇంకా పోస్తున్న ఈ మొత్తం 11లో 8 బోర్లు మాత్రం చెరువు కట్ట కింద ఉన్నవే. ఇంకో సంగతి మామే చెప్పాడు, లెక్కలో రానిది: జియాలజిస్టు ఇద్దరు రైతులకు “ఇక్కడ వేయొద్దు, దండగ” అని చెప్పి వెళ్ళిపోయాడట, వాళ్ళు వేయలేదు, డబ్బులు మిగిలాయి. ‘వద్దు’ అన్నది ఏ లెక్కలోకీ రాదు. కొబ్బరికాయ ఆయన మాత్రం ఇంతవరకు ఎవరికీ వద్దు అన్నట్టు మాకు దొరకలేదు. జియాలజిస్టు పెట్టిన ఎనిమిది బోర్లతో ఒక విద్యను తేల్చిపారేయకూడదని నాకూ తెలుసు, కానీ ఈసారి పిలిస్తే ‘వద్దు’ అనగలిగినాయన్నే పిలుస్తా.

కొబ్బరికాయ, వేపపుల్ల సంగతి మన దగ్గరే కాదు. 1987, 88లో జర్మనీలో మ్యూనిక్ దగ్గర ఒక పెద్ద కొట్టంలో ఇలాంటి పరీక్షే పెట్టారు. కింద అంతస్తులో నీళ్ళ పైపును జరుపుతూ ఉంటే, పై అంతస్తులో పుల్ల పట్టుకుని అది ఎక్కడుందో చెప్పాలి. ఏరికోరి తీసుకున్న 43 మంది, 843 సార్లు. అందులో ఎక్కువమంది మాట గుడ్డిగా చెప్పినదానికి సమానంగానే వచ్చింది.

మీ లెక్క తీసేటప్పుడు ఈ మూడు తప్పులు చేయకండి: పడినవాళ్ళ దగ్గరికే వెళ్ళడం (పడనివాళ్ళు తలుపు తీయరు, అయినా వెళ్ళండి), నిపుణుడు ఇచ్చిన పేర్ల జాబితాతోనే సరిపెట్టుకోవడం, గెలుపు అంటే ఏమిటో లెక్క మొదలుపెట్టాక మార్చడం. మేము మూడోది చేశాం, అందుకే రెండు లెక్కలూ మీ ముందు పెట్టాను.

5. మాటను అంకెగా మార్చమని అడగండి

“రిస్కు ఉంది”, “మంచి రిజల్ట్ ఉంటుంది”, “రెండింతలు ప్రమాదం”. వీటిలో దేనికీ తలూపకండి. “నాలాంటివాళ్ళు వంద మంది చేయించుకుంటే ఎంతమందికి బాగవుతుంది సార్? చేయించుకోకపోతే ఆ వందలో ఎంతమందికి దానంతటదే బాగవుతుంది?” ఈ రెండు ప్రశ్నలూ కాగితం మీద రాసుకుని చూసి చదవండి, సిగ్గేమీ లేదు.

రెండింతలు అనే మాట ఎంత పని చేస్తుందో చెబుతా. 1995లో బ్రిటన్‌లో కొత్త రకం గర్భనిరోధక మాత్రల వల్ల రక్తం గడ్డకట్టే ప్రమాదం రెట్టింపు అవుతుందని హెచ్చరిక వచ్చింది. నిజమే, రెట్టింపే. కాకపోతే ఏడు వేల మందిలో ఒకరికి వచ్చేది ఇద్దరికి వస్తుంది. ఆ రెండో సంగతి ఎవరికీ చేరలేదు. భయపడి మాత్రలు మానేసినవాళ్ళు ఎంతమందో, మరుసటి ఏడు ఇంగ్లండ్, వేల్స్‌లలో పదమూడు వేల అబార్షన్లు ఎక్కువ జరిగాయని అంచనా. చెప్పింది నిజమే, చెప్పిన తీరే కొంప ముంచింది.

మీరు నేరుగా అడగలేకపోతే, మా ఇళ్ళల్లో ఆడవాళ్ళు డాక్టరు ముందు నోరు విప్పరు కాబట్టి, తోడుగా ఒక మనిషిని తీసుకెళ్ళి అతని చేత అడిగించండి. ఆ మనిషి పని అడగడం, రాసుకోవడం మాత్రమే, ఓదార్చడం కాదు.

6. రెండో మాట తెచ్చుకోండి, కానీ మొదటిది చెప్పకుండా

మా అమ్మకు మోకాలు మార్చాలని ఒక పెద్ద ఆసుపత్రిలో చెప్పారు. మనవాళ్ళందరి లాగే రైలెక్కి మద్రాసు పోయాం. నేను లోపలికి పోతూనే, “సార్, మా ఊళ్ళో మోకాలు మార్చాలన్నారు” అని కక్కేశా. ఆయన ఎక్స్‌రే పైకెత్తి రెండు సెకన్లు చూసి, “అవును, మార్చాలి” అన్నాడు. రానూపోనూ ఖర్చు పెట్టుకుని మొదటి మాటకే ఇంకో సంతకం పెట్టించుకొచ్చా. ఆర్నెల్లయ్యాక మూడో డాక్టరు దగ్గరికి పోయినప్పుడు మా అక్క నా నోరు మూయించింది. “నడిస్తే నొప్పండీ” అని మాత్రమే చెప్పింది. ఆయన అమ్మను నడిపించి చూసి, మెట్లు ఎక్కించి చూసి, బరువు తగ్గడం, తొడ కండరాల కసరత్తు రాసి ఆర్నెల్లు ఆగమన్నాడు. అమ్మ ఇప్పటికీ సొంత మోకాళ్ళ మీదే ఉంది, రేపు మార్చాల్సి వస్తుందేమో, అది వేరే సంగతి.

పద్ధతి ఇది: రిపోర్టులు ఇవ్వండి, పాత చీటీ ఇవ్వకండి. వాడుతున్న మందుల పేర్లు మాత్రం దాచొద్దు, అది ప్రమాదం. ఆయన తన మాట చెప్పాక అప్పుడు మొదటాయన మాట చెప్పి, “తేడా ఎందుకొచ్చింది సార్?” అని అడగండి. ఈ ప్రశ్నకు ఓపికగా జవాబు చెప్పినాయన్ను నమ్మొచ్చు. మొదటాయన్ను తిట్టడంతో మొదలుపెడితే కొంచెం జాగ్రత్త.

ఇద్దరూ ఒకే ఆసుపత్రి వాళ్ళయితే అది రెండో మాట కాదు. ముగ్గురికి మించి తిరగడం కూడా వద్దు, అప్పుడు మనం వెతుకుతున్నది సలహా కాదు, మనకు నచ్చిన మాట.

7. చిన్నగా చేసి చూడండి

ఒక గుంటలో వాడి, రెండోది మామూలుగా వదిలేయండి. ఎకరంలో పది సెంట్లకే కొత్త మందు కొట్టండి. రెండు వైపులా మిగతావన్నీ ఒకటే ఉండాలి: అదే సీడు, అదే మేత, అదే రోజు. లేకపోతే ఏం చూసి ఏం తేల్చినట్టు? ఆపరేషన్ని పది సెంట్లలో చేయలేం, అలాంటివాటికి 4, 5, 6 స్టెప్పులే దిక్కు.

8. తేదీ వేసి రాయండి

మామూలు పేజీ ఇలా ఉంటుంది: తేదీ, ఎవరు, ఏం చెప్పారు (వాళ్ళ మాటల్లోనే), నూటికి ఎంత నమ్మకంగా చెప్పారు, ఎప్పుడు చూడాలి, ఏమైంది. ఆఖరి గడి ఖాళీగా వదిలి, చూడాల్సిన తేదీని ఫోన్లో అలారం పెట్టుకోండి.

ఇది రాయకపోతే ఏమవుతుందో మీకు తెలుసు. ఫలితం వచ్చాక ఆయన “నేనప్పుడే చెప్పా కదా” అంటాడు, మనం కూడా “అవును, నాకు ముందే అనుమానం” అంటాం. ఇద్దరం అబద్ధం ఆడుతున్నామని కూడా తెలియదు.

ఎలా తేల్చాలి: ఒక్క తప్పుకు మనిషిని కొట్టేయకండి. పదిసార్లు ‘నూటికి డెబ్బై’ అన్నాయనకు మూడుసార్లు తప్పితే ఆయన చెప్పింది చెప్పినట్టే జరిగింది. ఎప్పుడూ ‘వందకు వంద’ అంటూ పదికి నాలుగుసార్లు తప్పినాయన్ను దూరం పెట్టండి. కనీసం అయిదారు గడులు నిండాకే తీర్పు.

మళ్ళీ మళ్ళీ చూస్తున్న తప్పులు

అందరికంటే ఎక్కువ ధీమాగా మాట్లాడినాయన్ను నమ్మడం. ధీమా గొంతుకు సంబంధించింది, విషయానికి కాదు.

రెండోది, “ఒకప్పుడు డాక్టర్లందరూ తప్పన్న మనిషే చివరికి కరెక్టయ్యాడు” అనే వాదన. నిజమే, అలా జరిగింది. కడుపులో పుండ్లకు బ్యాక్టీరియా కారణమని చెప్పి, 1984లో ఆ బ్యాక్టీరియాను తనే తాగిన బ్యారీ మార్షల్‌కు 2005లో నోబెల్ వచ్చింది. కానీ ఆయన గెలిచింది ఒంటరిగా నిలబడినందుకు కాదు, మిగతావాళ్ళు పరీక్షించి చూసినా అదే తేలినందుకు. ఒంటరిగా నిలబడి తప్పయినవాళ్ళ పేర్లు మనకు గుర్తుండవు, వాళ్ళే ఎక్కువ.

మూడోది మన జిల్లా సంగతి. 2021 మేలో కృష్ణపట్నంలో కరోనాకని ఆనందయ్య ఇచ్చిన నాటు మందు కోసం ఎన్ని వేలమంది వచ్చారో చూశాం. ఆ గందరగోళంలో రెండు రకాల మూర్ఖత్వం కనపడింది. పరీక్షించకముందే అమృతం అన్నవాళ్ళు, పరీక్షించకముందే విషం అన్నవాళ్ళు. చివరికి ప్రభుత్వం కంట్లో వేసే చుక్కలు తప్ప మిగతావాటికి అనుమతి ఇచ్చింది. మా వాళ్ళు దాన్ని ‘పనిచేస్తుందని సర్కారు చెప్పింది’ అని అర్థం చేసుకున్నారు. హాని కనపడలేదు అనడం వేరు, జబ్బు తగ్గిస్తుంది అనడం వేరు. నిపుణుడు ఈ రెండిట్లో ఏది చెబుతున్నాడో గుచ్చి అడగండి.

నాలుగోది, చదువుకున్నవాళ్ళ మాటకూ ఊరి అనుభవానికీ పోటీ పెట్టడం. ఈ కనిగిరి, పొదిలి, దర్శి ప్రాంతం అప్పట్లో నెల్లూరు జిల్లాలో ఉండేది. ఎడ్లు కాళ్ళు బిగుసుకుపోయి నడవలేకపోవడం ముందు చూసింది ఇక్కడి రైతులే. 1937లో మద్రాసు ప్రెసిడెన్సీ డాక్టర్లు అది నీళ్ళలోని ఫ్లోరైడ్ వల్ల మనుషులకు కూడా వస్తున్న జబ్బని రాశారు. రైతు చూసుండకపోతే డాక్టరు వచ్చేవాడు కాదు, డాక్టరు లేకపోతే అది నీళ్ళలో ఉందని రైతుకు తెలిసేది కాదు. ఇప్పటికీ “మా తాత ఈ నీళ్ళే తాగి ఎనభై ఏళ్ళు బతికాడు” అనేవాళ్ళు ఉన్నారు. ఫ్లోరైడ్ రుచికి, రంగుకు తెలియదు, కాచినా పోదు. లీటరుకు 1 మిల్లీగ్రాము దాకా పర్వాలేదు, వేరే నీళ్ళు లేకపోతే 1.5 దాకా, అంతే. గ్రామీణ నీటి సరఫరా వాళ్ళ ల్యాబులో పరీక్ష చేయించి అంకె నోటుబుక్కులో రాసుకోండి. దీనికి ఎవరినీ నమ్మక్కర్లేదు.

అయిదో తప్పు నాది. రెండేళ్ళు అందరి మాటలూ రాశాను కానీ నా మాట రాయలేదు. ఎవరో అడిగితే సిగ్గేసి పోయిన పంట నుంచి నావి కూడా రాస్తున్నా. మొదటి పేజీ చూపిస్తా (కౌంటు అంటే కిలోకు ఎన్ని రొయ్యలు తూగుతాయన్నది, అంకె తగ్గితే రొయ్య పెద్దదని): ‘ఎవరు: నేను. ఏం చెప్పారు: పట్టుబడికి కౌంటు 40 వస్తుంది. నమ్మకం: నూటికి 90. ఏమైంది: 62.’ మా టెక్నీషియన్ అదే రోజు 55, 60 మధ్య అని చెప్పాడు, నేను నవ్వాను, అది కూడా పక్క పేజీలో ఉంది. ఈ పంటకు 58 అని, నమ్మకం 60 అని రాశా. సంక్రాంతి అయ్యాక పట్టుబడి, ఆ రోజు ఆఖరి గడి నింపుతా.